సనాయె అని పాపకి పేరు పెట్టొచ్చా? ఈ జపాన్ పేరు సంగతి తెలిసినవాళ్ళు చెప్పండి

ఆచంట అమ్మమ్మ:

అందరికీ నమస్కారం అండి. మాది ఆచంట దగ్గర పల్లెటూరు. మా అమ్మాయి, అల్లుడుగారు జపాన్‌లో తొయామ అనే ఊళ్ళో ఉద్యోగాలు చేసుకుంటున్నారు. ఈ మే నెల మధ్యలో అమ్మాయికి ఆడపిల్ల పుట్టింది. తల్లీ పిల్లా క్షేమం. వీసా పనులు తెమలక నేను పురిటికి వెళ్ళలేకపోయాను. రోజూ ఫోన్లోనే చూసుకుంటున్నాను.

ఇప్పుడు పేరు దగ్గర పీటముడి పడింది. పాపది శతభిషం రెండో పాదం. పంతులుగారు "స" అక్షరంతో పెట్టమన్నారు. సాహితి, సహస్ర, సమీర అని మేం ఇక్కడ రాసుకుంటూ ఉంటే, అక్కడ వాళ్ళ ఇంటి ఓనరు, ఎనభై దాటిన పెద్దావిడ, పాపని చూడటానికి వచ్చి "సనాయె అని పెట్టుకోండి, ఊరంతా నాట్లు పడుతున్నప్పుడు పుట్టింది కదా" అందట. అమ్మాయికి ఆ పేరు మనసుకి పట్టేసింది. పంతులుగారు చెప్పిన అక్షరం కూడా కలిసిందిగా అమ్మా అంటోంది. అల్లుడుగారికీ ఇష్టమే.

అర్థం అడిగితే వరి నారు అని చెప్పింది. మా వైపు మాటలో చెప్పాలంటే ఊడ్పుకి వచ్చిన ఆకు. విన్నాక నాకు ఎంత సంతోషం వేసిందో చెప్పలేను. మేం వ్యవసాయం మీద బతికేవాళ్ళం. మా ఆయన సార్వా విత్తనాలు తెచ్చి వరండాలో పెట్టుకుని, కాలువలకి నీళ్ళు ఎప్పుడు వదులుతారా అని రోజూ లాకుల దాకా వెళ్ళి చూసొస్తున్నారు. ఆకుమడి జానెడు లేచాక, పొద్దుటి గాలికి ఒక వైపు వాలి మళ్ళీ లేస్తుంటే అది చూడటానికే గట్టు మీదికి వెళ్ళే మనిషిని నేను. నారు పోసినవాడు నీరు పోయడా అని రోజుకోసారైనా అనుకునే ఇల్లు మాది. అయినా నారు అని పిల్లకి పేరు పెట్టడం మాత్రం ఎక్కడా వినలేదండి.

మా వదినగారు, అంటే అల్లుడుగారి అమ్మగారు, మండపేటలో ఉంటారు. ఆవిడ ససేమిరా వద్దంటున్నారు. ఆవిడ మాట కూడా తీసిపారేసేది కాదు. "నారంటే పీకేసేదే కదా వదినా. పెరిగిన చోటు నుంచి వేళ్ళతో సహా లాగి, కట్ట కట్టి, ఇంకో మళ్ళో విసిరేస్తారు. ఆడపిల్లకి పుట్టగానే ఆ రాత మనమే రాయాలా?" అన్నారు. ఆవిడకి చిన్నతనంలోనే పెళ్ళి చేసేశారు. ఆ తర్వాత పుట్టింటి గడప తొక్కే యోగం చాలా ఏళ్ళు లేకపోయింది. ఆ సంగతులు తెలిసినదాన్ని కాబట్టి ఆ మాటకి నా దగ్గర జవాబు లేకపోయింది.

జపాన్‌వాళ్ళు ఈ పేరుని ఏ భావంతో పెట్టుకుంటారండి? గౌరవంగా ఉండే పేరేనా, పొలం పనికి వెళ్ళేవాళ్ళని పిలిచే పేరా? పాత పేరు అని బడిలో పిల్లలు ఏడిపిస్తారా? ఇంకో టెన్షన్ కూడా ఉంది. పుట్టిన 14 రోజుల్లోపు అక్కడి ఆఫీసులో పేరు రాయించాలట. మేమేమో ఇరవై ఒకటో రోజున బారసాల అనుకున్నాం. తెలిసినవాళ్ళు కాస్త వివరంగా రాయండి, వదినగారికి చదివి వినిపిస్తాను.

భీమవరం రొయ్య:

అమ్మగారూ, మనవరాలికి దీవెనలు. ఈ పేరు వినగానే నాకు సన్నాయి గుర్తొచ్చింది, ఇంతకంటే శుభం ఏముంటుంది! గౌరవం సంగతి అడిగారు కాబట్టి ఒక్క మాట. 2025 అక్టోబరులో జపాన్‌కి మొట్టమొదటి మహిళా ప్రధాని అయినావిడ పేరు తకాయిచి సనాయె. తకాయిచి ఇంటిపేరు. మనలాగే వాళ్ళూ ఇంటిపేరు ముందు, పేరు తర్వాత రాస్తారు. నేను రొయ్యల ఎగుమతి లైన్లో ఉన్నాను, జపాన్ కొనుగోలుదార్లతో పని పడుతూ ఉంటుంది. పేరు వెనక "సాన్" చేర్చే వాళ్ళు మామూలుగా ఎదుటివాళ్ళని పిలుస్తారు. సనాయె సాన్ అంటే మన సనాయె గారు అన్నట్టే. చిన్న పిల్లలయితే "చాన్" అంటారు. ఇంకా లోతుగా నాకు తెలీదు, అక్కడ ఉండేవాళ్ళు చెప్తారు.

తణుకు ఆడపడుచు:

పిన్నిగారూ, మాది తణుకు. పెళ్ళయ్యాక తొయామ వచ్చేశాను, ఇక్కడే ఒక పసిపిల్లల బడిలో పనిచేస్తున్నాను. చెప్పుల అరల మీద పిల్లల పేర్లు చదువుతూ ఎవరు వచ్చారో ఎవరు రాలేదో చూసుకోవడంతో నా రోజు మొదలవుతుంది. కాబట్టి ఈ పేర్ల సంగతి కొంచెం ధైర్యంగానే చెప్పగలను.

ముందు ఆ పెద్దావిడ ఎందుకలా అందో చెప్తాను. తొయామ అంటే వరి దేశం. ఇక్కడ సాగు భూమిలో దాదాపు 95 శాతం వరి మళ్ళే, జపాన్ మొత్తంలో ఇదే ఎక్కువ. మన డెల్టాకి గోదారి ఎలాగో వీళ్ళకి తతెయామ కొండల మీది మంచు అలాగ. ఆ మంచు కరిగి ఏళ్ళలోకి, వాటి నుంచి కాలువల్లోకి, కాలువల నుంచి మళ్ళలోకి వస్తుంది. మే నెలలో అన్ని మళ్ళూ ఒకేసారి నీళ్ళతో నిండుతాయి. ఇక్కడ ఎక్కువగా వేసేది కొషిహికారి అనే రకం. తొందరపడి ఊడిస్తే గింజ పాలు పోసుకునే రోజులు నడివేసవి ఎండలో పడి బియ్యం తెల్లగా, నాణ్యత లేకుండా వస్తాయని, మే 15 అటూ ఇటూగా నాట్లు వెయ్యమని వ్యవసాయ శాఖవాళ్ళు చెప్తారు. మీ మనవరాలు సరిగ్గా ఆ రోజుల్లో పుట్టింది. ఎనభై ఏళ్ళ మనిషికి ఆ పేరు నోటికి రావడంలో వింతేమీ లేదు. ఆవిడ చిన్నప్పుడు ఆ నాట్లన్నీ చేత్తో వేసినవే.

ఇక పేరు. మూడూ పొట్టి అక్షరాలు, స, న, ఎ, విడివిడిగా వినపడాలి. మామూలుగా రెండు చైనా అక్షరాలతో రాస్తారు. మొదటిదానికి తొలి, వేగిరం అనే అర్థాలు. రెండోది చూస్తే మీకు ముద్దొస్తుంది. కింద ఒక చదరం, దాని మధ్యలో నిలువుగా ఒక గీత, అడ్డంగా ఒక గీత. అంటే గట్లతో విడదీసిన నాలుగు మళ్ళు. ఆ మడి నెత్తిన రెండు గడ్డి పరకల గుర్తు. మడిలోంచి ఆకు లేచినట్టే ఉంటుంది. మొన్న మీ పోస్టు చదివి కాగితం మీద రాసి మా పాపకి చూపిస్తే, అదేమిటో నేను చెప్పకుండానే "పొలం" అంది.

వంకాయ నారుకీ టమాటా నారుకీ వాళ్ళు వేరే మాట వాడతారు. సనాయె అంటే వరి నారే, అదీ ఆకుమడిలోంచి చేలోకి వెళ్ళే ఈడుకి వచ్చింది. విత్తనం చల్లిన మర్నాటి మొలకని సనాయె అనరు. హైకూలు రాసేవాళ్ళకి ప్రతి ఋతువుకీ కొన్ని గుర్తు మాటలు ఉంటాయి, వాటిలో సనాయె వేసవి మాట. పాత లెక్కలో అయిదో నెలని సత్సుకి అంటారు, ఆ నెలలో కురిసే వాన సమిదరె, నాట్లు వేసే ఆడవాళ్ళు సఒతొమె. అన్నిటికీ ముందు అదే "స". ఈ "స" పొలం దేవుడి పేరని కొందరు జానపద పరిశోధకులు రాశారు. అందరూ ఒప్పుకోలేదు, కానీ నాట్లకీ దేవుడికీ ఉన్న సంబంధం మాత్రం ఆచారాల్లో కళ్ళకి కనపడుతుంది. వసంతంలో కొండ మీద నుంచి పొలం దేవుడు దిగి వస్తాడని, కోతలయ్యాక మళ్ళీ కొండకి వెళ్ళిపోతాడని పాత నమ్మకం. ఊడ్పులు మొదలుపెట్టే రోజున ఆయన్ని పిలుస్తారు. పూర్తయిన రోజున సనబురి అని పండగ చేసి సాగనంపుతారు. ఆ రోజు మూడు కట్టల సనాయెని శుభ్రంగా కడిగి, ఇంట్లో పొయ్యి దగ్గర ఉండే దేవుడి ముందు పెట్టడం చాలా ఊళ్ళలో ఉండేది. మన ఇళ్ళలో మొదటి కట్టకి పసుపు కుంకుమ పెట్టి ఈశాన్యం మూల నాటించడం నాకు గుర్తొచ్చింది.

పనివాళ్ళ పేరా అన్నారు కదా. పిన్నిగారూ, ఆ పనికే ఇక్కడ పూజ చేస్తారు. ఒసాకాలోని సుమియొషి గుడికి సొంత మడి ఉంది, ఏటా జూన్ 14న అక్కడ నాట్ల ఉత్సవం. హిరోషిమా వైపు మిబు అనే చోట జూన్ మొదటి ఆదివారం ఎద్దుల్ని పూలతో, జీనులతో అలంకరించి దమ్ము తొక్కిస్తారు. మగవాళ్ళు డప్పులు కొడుతుంటే సఒతొమెలు పాట పాడుతూ ఊడుస్తారు. నీలం గళ్ళ బట్టలు, భుజాల మీదుగా ఎర్ర పట్టీ, నెత్తిన తుంగతో అల్లిన టోపీ. దాన్ని 2011లో యునెస్కో వారసత్వ జాబితాలో చేర్చింది. 1927లో షోవా చక్రవర్తి తన ప్యాలెస్ ఆవరణలోని మళ్ళో తానే దిగి నాట్లు వెయ్యడం మొదలుపెట్టాడు. ఇప్పటికీ చక్రవర్తులు అది పాటిస్తున్నారు. చక్రవర్తి మోకాళ్ళు వంచి పట్టుకునే మొక్క పేరు, అది తక్కువ పేరెలా అవుతుంది?

ఆడవాళ్ళ పేర్లకి అక్కడ పెద్ద చరిత్రే ఉంది. పూర్వం రాజవంశం ఆడపిల్లలకి చివర "కొ" వచ్చే పేర్లు ఉండేవి. సామాన్యుల ఆడవాళ్ళవి రెండక్షరాల పొట్టి పేర్లు, హరు అంటే వసంతం, కికు అంటే చామంతి, త్సురు అంటే కొంగ, ఇలాగ. 1872లో దేశమంతటా కుటుంబ రిజిస్టర్లు వచ్చాక, ఆ తర్వాతి తరాల్లో "కొ" పేర్లు అందరిలోకీ పాకిపోయాయి. కజుకొ, యొషికొ, కెయికొ, మా బడిలో పిల్లల అమ్మమ్మలందరూ వీళ్ళే. సనాయె ఆ వరసలోది కాదు, "కొ" లేకుండానే నిండుగా ఉంటుంది. నాకు నచ్చేది అదే.

పాతదా అంటే, అవును, పాతదే. ఇప్పుడు ఈ పేరుతో కనపడేవాళ్ళలో ఎక్కువమంది యాభై, అరవై దాటినవాళ్ళు. మా బడి పక్క వీధిలో బియ్యం మర కొట్టు నడిపే ఆవిడ పేరు సనాయె. మీ పోస్టు చూశాక ప్రత్యేకంగా వెళ్ళి అడిగాను. వాళ్ళ నాన్న నాట్లు వేస్తున్న రోజునే పుట్టిందట. కబురు అందగానే ఆయన గట్టెక్కి, కాళ్ళయినా సరిగ్గా కడుక్కోకుండా ఇంటికి వచ్చాడట. "మా నాన్నకి సంవత్సరం మొత్తంలో ఇష్టమైన రోజులు అవే, అందుకే నాకు పెట్టాడు" అని, కొలపాత్రలో బియ్యం అలాగే పట్టుకుని చాలాసేపు చెప్పింది. పీకేయడం, దూరం చెయ్యడం అన్న ఊహే ఆవిడకి తట్టలేదు. నేను అడిగితే కాసేపు ఆలోచించి, "సనాయె అంటే ఇంక పంట మొదలైందని కదా" అంది.

ఏడిపించడం గురించి బెంగ పెట్టుకోకండి. మా బడిలో త్సుముగి అంటే చేతితో వడికిన పట్టు బట్ట, ఇతొ అంటే దారం, ఇలాంటి పేర్లున్న పిల్లలున్నారు. ముత్తవ్వల కాలం పేర్లు మళ్ళీ ఇష్టపడుతున్నారు. అసలు ఇక్కడ కష్టమల్లా ఎవరికీ చదవరాని కొత్త పేర్లతోనే. ఆ గొడవ ఎంత పెరిగిందంటే 2025 మే నుంచి కుటుంబ రిజిస్టర్‌లో పేరు ఎలా పలకాలో కూడా రాయించాలని చట్టం తెచ్చారు. సనాయెకి ఆ ఇబ్బంది లేదు, చూడగానే ఎవరైనా చదివేస్తారు.

ఆఫీసు పని. 14 రోజుల గడువు నిజమే, పుట్టిన రోజుతో కలిపి లెక్క. మీ అమ్మాయి, అల్లుడుగారు ఇద్దరూ మన దేశస్థులు కాబట్టి పాప పేరు అక్కడ కతకనా అక్షరాల్లో, అంటే బయటిదేశాల పేర్లు రాసే లిపిలో, ఇంగ్లీషు స్పెల్లింగ్‌తో రాస్తారు. నేను చెప్పిన ఆ మడి అక్షరం కాగితాల్లోకి రాదు. ఇంట్లో రాసుకోవచ్చు. ఇక్కడివాళ్ళు ఏడో రాత్రి పేరు పెట్టి, తెల్ల కాగితం మీద కుంచెతో పాప పేరు, పుట్టిన తేదీ రాసి దేవుడి అరమర దగ్గర కడతారు. మన పళ్ళెంలో బియ్యం, బంగారు ఉంగరం ఉన్నట్టే అది. ఆ పెద్దావిడ చేతే రాయించండి, ఆ తరం వాళ్ళ చేతిరాత చాలా బాగుంటుంది. ఇంకోటి, పుట్టిన 30 రోజుల్లోపు పాపకి వీసా కోసం ఇమ్మిగ్రేషన్ ఆఫీసులో దరఖాస్తు చేసుకోవాలి. పురిటి హడావుడిలో చాలామంది మర్చిపోయేది అదే. ఎంబసీలో కూడా పుట్టుక నమోదు చేయించి పాస్‌పోర్టు తీసుకోవాలి. బారసాల మాత్రం పదకొండో రోజుకి జరపండి, గడువులోపు అయిపోతుంది.

రాజోలు సత్య:

అక్కా, నేను చదువుకునే రోజుల్లో సెలవులకి మా అమ్మతో ఊడ్పులకి వెళ్ళినదాన్ని. మా అమ్మ ఊడ్పు ముఠాకి మేస్త్రి. మీ వదినగారికి నా మాటగా చెప్పండి.

ఆకుమడిలో మొక్కలు ఒకదాన్నొకటి ఆనుకుని ఇరుకిరుగ్గా ఉంటాయి. అక్కడ ఉన్నంతకాలం పిలక వెయ్యదు, వేసే చోటే లేదు. పాతిక, ముప్ఫై రోజుల ఆకు తీస్తే చక్కగా ఉంటుంది. నీళ్ళు ఆలస్యమై, దమ్ములు అవక, నలభై రోజులు దాటితే మా అమ్మ ఆ ఆకు చేత్తో పట్టుకుని చూసి "ముదిరిపోయింది, ఇంకేం పిలకేస్తుంది" అని బాధపడేది. ఆవిడ చేను కాదు, ఆవిడ ఆకూ కాదు, అయినా బాధపడేది. రైతుకి ఆకు తీయడం బాధ కాదమ్మా, ఈడు దాటినా తీయలేకపోవడం బాధ.

పీకడం అంటే ఎలా పడితే అలా లాగేదీ కాదు. మొదలు దగ్గర నాలుగైదు మొక్కలు కలిపి పట్టుకుని, కొంచెం వాల్చి, తన వైపుకి లాగాలి. వేరు తెగకూడదు. నీళ్ళలో ఝాడించి మట్టి వదిలించి కట్ట కట్టాలి. ఊడ్చేటప్పుడు బొటనవేలూ చూపుడువేలూ మధ్య రెండు మూడు మొక్కలు పట్టుకుని, పైపైనే కుదురు పెట్టాలి. లోతుగా గుచ్చితే మా అమ్మ అరిచేది. వారం రోజులు చేను పసుపుగా వాడిపోయి ఉంటుంది. తర్వాత ఒక పొద్దున చూస్తే పచ్చబడుతుంది. అక్కడి నుంచి ఒక్కో కుదురు పది, పదిహేను పిలకలు.

మీ వదినగారి బాధ ఆకుది కాదక్కా. వారం తర్వాత కూడా ఎవరూ నీళ్ళు పెట్టని బాధ అది. మీ మనవరాలికి అటు నలుగురు, ఇటు నలుగురు ఉన్నారు. మా అమ్మ ఉంటే ఈ పేరు విని మురిసిపోయేది. ఇప్పుడు మా వైపు చాలా చేలల్లో వెదజల్లేస్తున్నారు, కూలీలు దొరక్క. కొన్నాళ్ళకి ఊడ్పు ఆకు అంటే ఏమిటో చూసినవాళ్ళు ఉండకపోవచ్చు. పేరుగానైనా ఉండనివ్వండి.

మార్టేరు పెద్దాయన:

అమ్మా, పైవాళ్ళు పేరు సంగతి బాగా చెప్పారు. నేను పంట సంగతి ఒకటి చెప్పాలి, మీ వియ్యపురాలు జపాన్ పేరు మనకెందుకు అని కూడా అని ఉంటారని.

మా నాన్నగారు "జపాన్ పద్ధతి" అనేవారు. 1953లో దేశమంతా ఆ పేరుతో వరి సాగు ప్రచారం చేశారు. ఆకుమడి ఎత్తుగా కట్టడం, విత్తనం తక్కువ చల్లడం, ఎరువు బాగా వెయ్యడం, తాడు పట్టి వరసల్లో ఊడ్చడం, వరసల మధ్య కలుపు తియ్యడం. అంతకుముందు ఎలా పడితే అలా ఊడ్చేవాళ్ళు. తాడు పట్టి ఊడ్చే అలవాటు మా చేలల్లోకి అలా వచ్చింది.

అంతకంటే పెద్ద సంగతి స్వర్ణ అనే వరి రకం. 7029 అని అందరం పిలుస్తాం, ముందు ఉండే ఎమ్‌టీయూ అంటే మా మార్టేరే. 1925లో పెట్టిన పరిశోధనా కేంద్రం ఇది. 1982లో స్వర్ణ ఇక్కడి నుంచే బయటికి వచ్చింది. వశిష్ఠ అనే రకాన్ని మసూరితో కలిపి తీశారు. వశిష్ఠ మన గోదారి పాయ పేరే. మరి మసూరి ఎక్కడిది? 1965లో మలేషియాలో విడుదలైంది. దాని తల్లిదండ్రుల్లో ఒకటి మాయాంగ్ ఎబోస్ అనే అక్కడి నాటు రకం, ఇంకోటి తైచుంగ్ 65. ఈ తైచుంగ్ 65 తైవాన్ జపాన్ పాలనలో ఉన్నప్పుడు తయారైంది, కమెజి, షిన్‌రికి అనే రెండు జపాన్ రకాలు కలిపి. మన వరిని, జపాన్ వరిని కలపాలని 1950లలో కటక్ కేంద్రంగా పెద్ద పథకం నడిచింది, మసూరి ఆ పని ఫలితమే. అంటే మీ ఆయన వరండాలో పెట్టుకున్న విత్తనం స్వర్ణ అయితే, దాని ముత్తాతలు జపాన్ మళ్ళో పెరిగినవాళ్ళు. బాపట్ల నుంచి 1986లో వచ్చిన సాంబమసూరికీ అదే మసూరి రక్తం. మీ వియ్యపురాలు ఈ పూట వండిన అన్నం ఏ బియ్యమో ఒకసారి అడగండి.

కొషిహికారి ముద్దగా అతుక్కునే బియ్యం, మనకి పొడిపొడిగా ఉండాలి. అన్నం వేరు, ఆకు ఒకటే. జపాన్ పంట మన మళ్ళోకి వచ్చి ఎన్నో ఏళ్ళయింది, జపాన్ పేరు ఇంట్లోకి వస్తే తప్పేమిటి?

ఆచంట అమ్మమ్మ:

అందరికీ పేరు పేరునా దండాలండి. నిన్న సాయంత్రం వదినగారికి ఫోన్ చేసి మొత్తం చదివి వినిపించాను. సత్య రాసింది చదువుతుంటే ఆవిడ మధ్యలో ఆపి, "ఆ వారం నీళ్ళ మాట మళ్ళీ చదువు" అన్నారు. చదివాను. తర్వాత చాలాసేపు వాళ్ళ అమ్మగారి గురించి చెప్పుకున్నారు. ఇన్నేళ్ళ వియ్యంలో ఆవిడ నాతో అంతసేపు మాట్లాడటం ఇదే. మార్టేరు అన్నయ్యగారూ, వాళ్ళింట్లో బియ్యం సాంబమసూరే. మా వరండాలో ఉన్నది స్వర్ణే.

ఆవిడ ఒప్పుకున్నారు, ఒక షరతు మీద. సనాయె పక్కన వాళ్ళ అమ్మగారి పేరు అన్నపూర్ణ కూడా ఉండాలన్నారు. సనాయె అన్నపూర్ణ. మా అందరికీ బాగా నచ్చింది. బారసాల పదకొండో రోజుకి మార్చాం. అల్లుడుగారు అక్కడ పళ్ళెంలో బియ్యం పోసి రాస్తారు, ఇక్కడ మేమందరం మండపేటలో ఒకచోట చేరి ఫోన్లో చూస్తాం. ఇంటి ఓనరు పెద్దావిడ కుంచెతో రాయడానికి ఒప్పుకుందట, కొత్త సిరా కూడా తెప్పించుకుందట.

తణుకు అమ్మాయీ, రెండు పేర్లూ అక్కడి కాగితాల్లో పడతాయా? ఏది ఎలా రాయించాలి?

తణుకు ఆడపడుచు:

పిన్నిగారూ, చాలా సంతోషం. రెండు పేర్లూ రాయించుకోవచ్చు, కానీ ఆలోచించి రాయించండి. కాగితంలో ఎంత ఉంటే ఆసుపత్రిలో, బడిలో అంతా పిలుస్తారు, అన్ని ఫారాల్లోనూ అంతా రాయాలి. పొడుగు పేరుకి ఇక్కడి ఫారాల్లో గళ్ళు చాలవు, అది నా సొంత అనుభవం. అయినా నన్నడిగితే రెండూ ఉంచమనే అంటాను, ఆవిడ అమ్మగారి పేరు కదా. ఒక్కటే జాగ్రత్త. ఇక్కడి పుట్టుక కాగితంలోనూ, మన ఎంబసీ కాగితంలోనూ, పాస్‌పోర్టులోనూ స్పెల్లింగ్ అక్షరం తేడా లేకుండా ఉండాలి. అన్నపూర్ణకి "ఎన్" రెండుసార్లా ఒకసారా, చివర "ఎ" ఒకటా రెండా, ఇప్పుడే తేల్చి కాగితం మీద రాసుకుని వెళ్ళమనండి. ఆఫీసులో కూర్చుని ఆలోచిస్తే అక్కడి గుమాస్తా తనకి వినపడినట్టు రాసేస్తాడు. గురువారం నాకు సెలవు. మీ అమ్మాయికి ఇష్టమైతే నా నంబరు పంపిస్తాను, ఫారం నింపడానికి తోడు వెళ్తాను.